డాబాకి ఏ వాటర్‌ప్రూఫింగ్ వేయాలి? ముందు వాటం చూడండి, బకెట్ తర్వాత

డాబా కారడం మొదలవగానే ఇంటివాళ్ళు అడిగే మొదటి ప్రశ్న "ఏ కంపెనీది మంచిది?" అని. పెయింట్ల కొట్లో ఓ బకెట్ చూపించి "ఇది వేయండి, పదేళ్ళ గ్యారంటీ" అంటారు. రెండు కోట్లు కొట్టిస్తారు. ఆ వానాకాలం గడిచిపోతుంది. రెండో ఏడో మూడో ఏడో అదే గదిలో, అదే మూల మళ్ళీ చెమ్మ దిగుతుంది. కంపెనీని తిట్టుకుని ఇంకో కంపెనీ బకెట్ తెస్తారు. ఇలా నాలుగైదు పొరలు ఒకదాని మీద ఒకటి పొట్టులా లేచిన డాబాలు ప్రతి వీధిలోనూ ఉన్నాయి.

నేను గట్టిగా చెప్పదలచుకున్న మాట ఇది: ఏ రకం వేయాలో డాబా ఎక్కి చూశాక తేల్చుకోవాలి, కొట్లో నిలబడి కాదు. నీళ్ళు నిలుస్తున్నాయా, పగుళ్ళు కదులుతున్నాయా, పైన మనుషులు తిరుగుతారా అన్న మూడు సంగతులు తెలిస్తే ఏ రకం సరిపోతుందో చాలావరకు తేలిపోతుంది. ఆ తర్వాత మిగిలేది మందం లెక్క. మంచి సరుకు కొన్నవాళ్ళు కూడా మోసపోయేది ఆ లెక్క దగ్గరే.

నీళ్ళు ఎటు పోతున్నాయి

హైదరాబాదులో 2020 అక్టోబరు 13న పట్టుకున్న వాన ఒక్క రోజులో 19 సెంటీమీటర్ల దాకా కురిసింది. వంద చదరపు మీటర్ల డాబా మీద అంత వాన పడితే 19,000 లీటర్లు. అయిదు వేల లీటర్ల ట్యాంకర్లు దాదాపు నాలుగు తెచ్చి పైన కుమ్మరించినట్టు. ఆ నీళ్ళని ఆపే బాధ్యతంతా మిల్లీమీటరు మందం లేని ఒక పూత మీద పెట్టడం అన్యాయం. నీళ్ళని దించేయడం వాటం పని. దిగిపోయేలోపు లోపలికి రాకుండా చూడటం పూత పని.

వాటం ఎంత ఉండాలంటే, ఎనిమిది అడుగులకి ఒక అంగుళం. ఇరవై నాలుగడుగుల దూరం నుంచి నీళ్ళు తూముకి రావాలంటే ఆ చివర మూడంగుళాలు ఎత్తుండాలి. మేస్త్రీ దగ్గరుండే లెవెల్ పైపుతో పావుగంటలో కొలిచేయొచ్చు. ఇక దించే పైపు సంగతి. గంటకు 100 మిల్లీమీటర్ల జోరువానకి నాలుగంగుళాల పైపు ఒకటి దాదాపు 40 చదరపు మీటర్ల డాబాకే సరిపోతుంది, అంటే 430 చదరపు అడుగులకి. వెయ్యి చదరపు అడుగుల డాబాకి ఒకే ఒక్క రెండున్నర అంగుళాల పైపు పెట్టి, దాని మూతికి పాలిథిన్ కవరు అడ్డం పడితే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. ఎంత చిన్న డాబా అయినా రెండు తూములు ఉండాలి. ఒకటి పూడుకుపోయినా రెండోది కాపాడుతుంది.

నీళ్ళు ఎక్కడ నిలుస్తున్నాయో కనిపెట్టడానికి యంత్రాలేం అక్కర్లేదు. వాన వెలిసిన గంట తర్వాత సుద్దముక్క తీసుకుని పైకెక్కి, మిగిలిన గుంటల చుట్టూ గీత గీయండి. రెండు రోజుల తర్వాత మళ్ళీ చూడండి. అప్పటికీ ఆరని గుంటలే మీ అసలు సమస్య. మండు వేసవిలో కూడా ఈ పని చేయొచ్చు, మోటారు వేసి ట్యూబుతో డాబా అంతా తడిపితే చాలు.

ఆ గుంటల్ని పూత వేయకముందే పూడ్చాలి. ఉత్త సిమెంటు మాలుతో పూడిస్తే అంచులు పలచనై, ఎండకి పెచ్చులుగా లేచిపోతాయి. పాత స్లాబుని వైర్ బ్రష్‌తో గరుకు చేసి, కడిగి, ఎస్‌బీఆర్ లేటెక్స్ (పాలలా ఉండే రబ్బరు ద్రావణం) కలిపిన సిమెంటు పాలు బ్రష్‌తో రుద్ది, అది జిగటగా ఉండగానే అదే లేటెక్స్ కలిపిన 1:3 మాలు వేయాలి. పాలు ఆరిపోయాక మాలు వేస్తే అతుక్కోవడం మాట అటుంచి, ఆ ఆరిన పొరే రెండింటినీ విడదీస్తుంది. అంచుల దగ్గర స్లాబుని గ్రైండర్‌తో సెంటీమీటరు లోతు కోసుకుంటే మాలు అక్కడ సున్నా మందానికి పలచబడదు. డాబా అంతా బల్లపరుపుగా ఉంటే మాత్రం అతుకులతో పని జరగదు, మొత్తం వాటం కొత్తగా పోయించాల్సిందే. ఖర్చే. కానీ ఆ ఖర్చు తప్పించుకోవడానికి కొనే ప్రతి బకెట్టూ దండగే.

పగులు కదులుతుంది

రోహిణి ఎండలకు రోళ్ళు పగులుతాయని సామెత. కాంక్రీటు డిగ్రీ వేడికి మీటరుకి మిల్లీమీటరులో నూరో వంతు సాగుతుంది. వినడానికి ఏమీ లేనట్టే ఉంటుంది. పది మీటర్ల స్లాబు తెల్లవారుజామున 30 డిగ్రీల దగ్గరుండి, మధ్యాహ్నానికి 60కి చేరితే మూడు మిల్లీమీటర్లు పెరుగుతుంది. సాయంత్రం ఈదురుగాలితో వడగళ్ళ వాన పడితే అరగంటలో మళ్ళీ ముడుచుకుంటుంది. స్తంభాలు, దూలాలు, పిట్టగోడ దాన్ని కదలనివ్వవు. ఆ పెనుగులాటంతా బలహీనమైన చోట, అంటే పగులు దగ్గర తేలుతుంది. అందుకే పగులు పగలూ రాత్రీ ఒకే వెడల్పులో ఉండదు.

ఇక్కడ డబ్బాల మీద కనిపించే "300 శాతం సాగుతుంది", "600 శాతం సాగుతుంది" అన్న మాటల్ని దగ్గరగా చూడాలి. ల్యాబులో విడిగా పట్టుకుని లాగిన పొర అంత సాగుతుంది, నిజమే. డాబా మీద ఆ పొర స్లాబుకి అంగుళం అంగుళం అతుక్కుని ఉంటుంది. పగులుకి అటూ ఇటూ అతుక్కున్న భాగం సాగలేదు. సాగాల్సింది పగులు మీద వేలాడుతున్న ముక్క మాత్రమే. ఆ పగులు 0.1 మిల్లీమీటరు ఉన్నప్పుడు పూత వేశారనుకోండి. అది 1 మిల్లీమీటరు దాకా తెరుచుకుంటే ఆ చిన్న ముక్క 900 శాతం సాగాలి. ఏ కంపెనీ పొరా తట్టుకోదు. దారంలా సన్నగా చీలుతుంది. కంటికి కనపడదు, నీళ్ళకి మాత్రం దారి చాలు.

దీనికి మందు చాలా చిన్నది. పగులు మీద పొడవునా 20 మిల్లీమీటర్ల వెడల్పు టేపు అంటించి, దాని మీదుగా పూత వేయాలి. టేపు ఉన్నంత మేర పూత స్లాబుకి అతుక్కోదు. ఇప్పుడు అదే మిల్లీమీటరు కదలికని 20 మిల్లీమీటర్ల పొర పంచుకుంటుంది, అంటే 5 శాతం సాగితే చాలు. ఎంత నాసిరకం పూతైనా అంతమాత్రం సాగుతుంది. పగులు పెద్దదైతే, అంటే ఏటీఎం కార్డు అంచు దూరేంత ఉంటే, గ్రైండర్‌తో సెంటీమీటరు వెడల్పు, సెంటీమీటరు లోతు గాడి కోసి, దుమ్ము ఊదేసి, పీయూ (పాలీయురేథేన్) సీలెంట్, అంటే ఆరాక కూడా రబ్బరులా సాగే ముద్ద, నింపి, ఒక రోజు ఆరాక టేపు, దాని మీద రెండు వైపులా నాలుగేసి అంగుళాలు వచ్చేలా ఫైబర్ మెష్, రెండు పూతల మధ్య నలిగేట్టు పెట్టాలి. తెల్ల సిమెంటు కూరడం, మామూలు పుట్టీ పెట్టడం దండగ పనులు. గట్టిపడే వస్తువేదీ కదిలే పగుల్లో నిలవదు, పక్కనే కొత్త పగులు పుట్టిస్తుంది.

ఒక హెచ్చరిక. కింద గదిలోంచి చూసినప్పుడు స్లాబు పెచ్చులూడి, తుప్పు పట్టిన ఊచలు బయటికి కనిపిస్తుంటే పైన ఏం వేయాలన్న చర్చ ఆపేయండి. తుప్పు పట్టిన ఇనుము ఉబ్బి కాంక్రీటుని లోపలి నుంచే నెడుతోంది. కాకినాడ, మచిలీపట్నం, విశాఖ లాంటి సముద్రం పక్క ఊళ్ళలో ఇది మామూలు. ముందు స్ట్రక్చరల్ ఇంజినీరుకి చూపించి, ఊచలు శుభ్రం చేయించి, స్లాబు బాగుచేయించాకే వాటర్‌ప్రూఫింగ్. చెమ్మ మరక కనపడకుండా కింది వైపు డ్యాంప్ ప్రూఫ్ పెయింట్ కొట్టించడం మరీ ప్రమాదం. నీళ్ళు స్లాబులోనే ఉండిపోయి ఊచల్ని తింటాయి, మీకు మాత్రం గోడ తెల్లగా కనిపిస్తుంటుంది.

ఏది ఎక్కడ పనికొస్తుంది

అందరూ కొనేది యాక్రిలిక్. నీళ్ళతో పలచన చేసే తెల్లటి పూత. ఎండకి బాగా తట్టుకుంటుంది, చవక, ఇంట్లోవాళ్ళే రోలరుతో వేసుకోవచ్చు, తెల్లగా ఉండటం వల్ల కింద గది చల్లబడుతుంది. దాని బలహీనత ఒకటే, నిలిచిన నీళ్ళు. రోజుల తరబడి నీళ్ళలో నానితే మెత్తబడి, ఉబ్బి, స్లాబుని వదిలేస్తుంది. మీరు డాబా మీద బుడగలు లేచిన చోట్లు గమనించండి, చాలావరకు సుద్దతో గుర్తు పెట్టిన గుంటల్లోనే ఉంటాయి. మంచి వాటం ఉండి, పైన తిరుగుడు తక్కువగా ఉంటే యాక్రిలిక్ చాలు. ఇంతకన్నా ఖరీదైనది అక్కర్లేదు. నీళ్ళు నిలిచే డాబాకి, మంచాలు ఈడ్చే డాబాకి, మిరపకాయలు ఆరబోసి పారతో ఎత్తే డాబాకి ఇది నప్పదు.

తెలంగాణ ప్రభుత్వం 2023లో కూల్ రూఫ్ విధానం తెచ్చాక తెల్ల పూతలు విరివిగా అమ్ముతున్నారు. మంచిదే. కానీ చల్లదనం కోసం వేసే పెయింటూ, నీళ్ళు ఆపే పొరా ఒకటి కావు. కూల్ పెయింటు కాగితమంత పలచగా ఉన్నా ఎండని వెనక్కి కొడుతుంది. నీళ్ళు ఆపాలంటే మందం కావాలి. కొనేముందు డబ్బా మీద రెండు పనులూ చేస్తుందని రాసుందో లేదో, రెండో పనికి చదరపు మీటరుకి ఎన్ని లీటర్లు వేయమన్నారో చదవండి.

రెండో రకం, పొడి ఒక సంచిలో, పాలలాంటి పాలిమర్ ద్రావణం ఒక డబ్బాలో వచ్చే పాలిమర్ సిమెంటు పూత. సిమెంటుతో పుట్టింది కాబట్టి కాంక్రీటుని గట్టిగా పట్టుకుంటుంది. నిలిచిన నీళ్ళని తట్టుకుంటుంది, అందుకే బాత్రూములకీ, సంపులకీ ఇదే. డాబా మీద దీన్ని ఎండకీ నడకకీ వదిలేయకూడదు, పైన వాటం కాంక్రీటో టైల్సో రావాలి. మాలు, టైల్సు దీని మీద చక్కగా పడతాయి కాబట్టి "వాటం కొత్తగా పోయిస్తాం" అనుకున్న డాబాకి ఇదే నా ఎంపిక. స్లాబు మీద ఈ పూత రెండు కోట్లు, దాని మీద రెండంగుళాల వాటం కాంక్రీటు, ఆ కాంక్రీటులో అయిదేసి అడుగుల చదరాలుగా కోసి సీలెంటు నింపిన గాళ్ళు.

కలిపేటప్పుడు పాలు బకెట్లో పోసి, పొడి కొంచెం కొంచెంగా వేస్తూ నెమ్మదిగా తిరిగే డ్రిల్లు మిక్సరుతో ఉండలు లేకుండా కలపాలి. పొడిలో పాలు పోస్తే ఉండలు కడుతుంది. కిట్ మొత్తం ఒకేసారి వాడాలి, కంటి అంచనాతో సగం సగం కలిపితే నిష్పత్తి దెబ్బతింటుంది. గట్టిపడుతోందని నీళ్ళు పోయడం అన్నిటికన్నా పెద్ద తప్పు. కలిపిన సరుకు అరగంట, ముప్పావుగంటలో అయిపోవాలి. మన మే నెల ఎండలో ఇంకా ముందే బిగుసుకుంటుంది.

మూడోది పీయూ, అంటే పాలీయురేథేన్. నిలిచిన నీళ్ళకీ, కదలికకీ, నడకకీ పై రెండింటికన్నా బాగా ఆగుతుంది. ఖరీదు కూడా అలాగే ఉంటుంది. ఇక్కడ కొనేవాళ్ళు మోసపోయే చోటు ఒకటుంది. "పీయూ" అని అమ్మే డబ్బాల్లో చాలా మటుకు నీళ్ళతో పలచన చేసే పీయూ, యాక్రిలిక్ కలగలుపు రకాలు. అవి చెడ్డవని కాదు, కానీ అసలు పీయూతో సమానం కావు. బ్రష్ నీళ్ళతో కడిగితే శుభ్రమవుతుందని డబ్బా మీద రాసుంటే అది నీళ్ళ రకమే. అసలు పీయూకి సాల్వెంటు కావాలి. ఇందులోనూ చవక రకం ఎండకి పసుపెక్కి, పొడిపొడిగా రాలుతుంది. దాని మీద ఎండని తట్టుకునే అలిఫాటిక్ పై కోటు తప్పనిసరి. కొటేషన్‌లో ఆ పై కోటు లేకపోతే అడగండి.

నాలుగోది తారు షీటు. పది మీటర్ల చుట్టగా, మీటరు వెడల్పుతో వస్తుంది. మందం 3 లేదా 4 మిల్లీమీటర్లు, గ్యాస్ మంటతో కాల్చి అతికిస్తారు. ఫ్యాక్టరీలో తయారైన మందం కాబట్టి కూలీవాడు పలచన చేయలేడు, అదే దీని పెద్ద గుణం. మన ఎండలకి ఏపీపీ రకం (వేడికి తట్టుకునే ప్లాస్టిక్ కలిపిన తారు), లోపల పాలిస్టర్ బట్ట ఉన్నది, 4 మిల్లీమీటర్లది తీసుకోవాలి. పక్క అతుకు నాలుగంగుళాలు, చివరి అతుకు ఆరంగుళాలు ఒకదాని మీద ఒకటి రావాలి. కాల్చేటప్పుడు అతుకు అంచు వెంట కరిగిన తారు సన్నటి గీతలా బయటికి రావాలి. రాకపోతే లోపల అతకలేదన్నట్టే. నల్లగా ఉండటం వల్ల కింద గది మండిపోతుంది కాబట్టి పైన టైల్సు గానీ, మాలు గానీ, కనీసం రాతి పలుకులు అద్దిన రకం గానీ ఉండాలి. ట్యాంకులు, పైపులు, స్తంభాల మొదళ్ళు గిజిబిజిగా ఉన్న చిన్న ఇళ్ళ డాబాలకి ఇది వద్దంటాను. ప్రతి మూలకీ షీటు కోసి అతకాలి, ప్రతి అతుకూ ఒక అనుమానమే. ఖాళీగా, విశాలంగా ఉన్న గోడౌన్లకీ, ఫంక్షన్ హాళ్ళకీ బాగుంటుంది.

కాంక్రీటులోనో మాలులోనో సిమెంటు బస్తాకి 200 మిల్లీలీటర్ల లెక్కన కలిపే ద్రావణం గురించి రెండు ముక్కలే. అది నీళ్ళు ఇంకడాన్ని తగ్గిస్తుంది. పగులుని ఆపలేదు. "అది కలిపాం కదా, వేరే వాటర్‌ప్రూఫింగ్ అక్కర్లేదు" అన్న మేస్త్రీ మాట నమ్మవద్దు.

ఇటుక ముక్కల కోబా, అంటే స్లాబు మీద ఇటుక ముక్కలూ మాలూ కలిపి పరిచే మందపాటి పొర, దాని సంగతి కొంచెం చెప్పాలి, ఇప్పటికీ చాలామంది నమ్మేది దాన్నే. సరైన వాటంతో, మంచి మేస్త్రీ చేత వేయిస్తే వేడిని బాగా ఆపుతుంది, ఏళ్ళ తరబడి ఉంటుంది. కానీ నాలుగంగుళాల కోబా చదరపు మీటరుకి 190 కిలోల దాకా తూగుతుంది. వంద చదరపు మీటర్లకి 19 టన్నులు. మనుషులు తిరిగే డాబా మీద పడే భారం కింద డిజైన్‌లో వేసుకునేది చదరపు మీటరుకి 150 కిలోలు. కోబా బరువుని ఇంజినీరు ముందే వేరుగా లెక్కలో కలిపి ఉంటే సరే. పాత కోబా కారుతోందని దాని మీదే ఇంకో కోబా వేయించడం మాత్రం ఇంటికి చేసే ద్రోహం. పైగా మామూలు ఇటుక తన బరువులో 20 శాతం దాకా నీళ్ళు పీల్చుకోవచ్చని మన ప్రమాణాలే ఒప్పుకుంటాయి. పైపూత ఒకచోట పగిలితే కోబా అంతా స్పాంజిలా తడుస్తుంది. వాన ఆగిన వారానికి కూడా కింద బొట్లు పడేది అందుకే. పైన నీళ్ళు దిగిన చోటూ, కింద కారే చోటూ పది పదిహేను అడుగుల దూరంలో ఉండేది కూడా అందుకే. కింద మరక కనిపించిన చోటికి సరిగ్గా పైన గజం మేర పూత వేయించి "చేశాం కదా, ఇంకా కారుతోంది" అనేవాళ్ళకి ఇదే జవాబు.

మన పాత మద్రాసు మిద్దెల మీద వేసిన సున్నం కాంక్రీటు వేరే జాతి. టేకు దూలాల మీద నిలువు ఇటుకలు పేర్చి, పైన ఇటుక పలుకులూ సున్నమూ కలిపి పరిచి, కరక్కాయ నీళ్ళూ బెల్లం నీళ్ళూ చిలకరిస్తూ రోజుల తరబడి చెక్క బద్దలతో దిమ్మిసా కొట్టేవారు. సున్నం మెత్తగా కదులుతుంది, సన్నటి పగుళ్ళని తనే పూడ్చుకుంటుంది. అలాంటి ఇల్లు ఉన్నవాళ్ళు దాని మీద సిమెంటు మాలు పోయించి పాడుచేసుకోవద్దు. గట్టి సిమెంటూ మెత్తటి సున్నమూ కలిసి కదలవు. సున్నం పని తెలిసినవాళ్ళని వెతికి అదే పద్ధతిలో బాగుచేయించుకోండి.

బకెట్ల లెక్క

ఇప్పుడు అసలు లెక్క. వెయ్యి చదరపు అడుగుల డాబా అంటే 93 చదరపు మీటర్లు. కాంట్రాక్టరు 20 లీటర్ల యాక్రిలిక్ బకెట్ ఒకటి తెచ్చి, నీళ్ళు కలిపి రెండు కోట్లు లాగించేశాడు అనుకుందాం. ఆ 20 లీటర్లలో ఆరాక మిగిలేది దాదాపు సగం, మిగతాది గాల్లో కలిసిపోయే నీరు. పది లీటర్లని 93 చదరపు మీటర్ల మీద పరిస్తే వచ్చే మందం 0.11 మిల్లీమీటరు. అంటే ఓ మాదిరి కాగితమంత. చూడటానికి డాబా అంతా తెల్లగా మెరుస్తుంది, ఫోటోలో ఏ తేడా తెలియదు.

మిల్లీమీటరు మందం కావాలంటే చదరపు మీటరుకి 2 లీటర్లు పోయాలి. వెయ్యి అడుగులకి 186 లీటర్లు, అంటే తొమ్మిది బకెట్లకి పైనే. గుర్తుపెట్టుకోవడానికి సులువైన కొలత ఒకటుంది. పదడుగుల చదరానికి ఒక 20 లీటర్ల బకెట్. పని మొదలుపెట్టక ముందే డాబా మీద సుద్దతో పదడుగుల గళ్ళు గీయించండి. ఒక్కో గడికి ఒక్కో బకెట్, మూడు కోట్లలో అయిపోవాలి. అడ్డంగా ఒక కోటు, నిలువుగా ఒక కోటు, మళ్ళీ అడ్డంగా. మొదటి రెంటి మధ్య తడిగా ఉండగానే మెష్. వాటం బాగుండి, ఎవరూ ఎక్కని డాబాకి ఇందులో సగం మందంతో సరిపెట్టుకోవచ్చు, అంతకు తగ్గితే అది రంగు మాత్రమే. డేటా షీటులో "సాలిడ్స్" (ఆరాక మిగిలే భాగం) శాతం చూసేటప్పుడు అది బరువు లెక్కా, పరిమాణం లెక్కా అన్నది చూడాలి. బరువు లెక్కలో 60 శాతం ఉన్నది పరిమాణంలో 50కి కిందికే రావచ్చు. మందానికి పనికొచ్చేది పరిమాణం లెక్కే.

అసలు పీయూలో ఆవిరయ్యేది తక్కువ. 1.2 మిల్లీమీటర్ల పొరకి చదరపు మీటరుకి 1.9 కిలోలు చొప్పున వెయ్యి అడుగులకి దాదాపు 177 కిలోలు కావాలి. పాలిమర్ సిమెంటుకి మిల్లీమీటరుకి చదరపు మీటరుకి 1.7 కిలోల అంచనా వేసుకోండి. రేటు మాట్లాడేటప్పుడు "చదరపు అడుగుకి ఎంత" అని ఆపేయకుండా "ఆ రేటులో చదరపు మీటరుకి ఎన్ని కిలోలు వేస్తావు, ఆరాక ఎంత మందం" అని అడిగి కాగితం మీద రాయించుకోండి. సీలు తీయని బకెట్లు మీ కళ్ళ ముందే లెక్కపెట్టించండి, ఖాళీవి పని అయ్యేదాకా డాబా మీదే ఉంచమనండి. దువ్వెన పళ్ళలా గీతలుండే చిన్న రేకు గేజ్ దొరుకుతుంది. తడి పూతలో గుచ్చి తీస్తే ఏ పన్ను దాకా అంటిందో అదే మందం. అది చేతిలో పట్టుకుని ఇంటివాళ్ళు డాబా మీద నిలబడితే రోలరు లాగుడు తీరే మారిపోతుంది.

వేసే రోజు, వేసే వేళ

పాలిమర్ సిమెంటు పూతకి స్లాబు తడిపి ఉండాలి, పైన నీళ్ళు మాత్రం నిలవకూడదు. పొడి స్లాబు మీద వేస్తే పూతలోని తడి కాంక్రీటు లాగేసుకుని, పూత బలం రాకుండానే పొడిబారుతుంది. పీయూకీ తారు షీటుకీ సరిగ్గా దీనికి వ్యతిరేకం, స్లాబు ఎండిపోయి ఉండాలి. ఒకే మేస్త్రీ రెండూ చేస్తూ అలవాటుగా తడిపేస్తే పీయూ నురగలు కక్కుతుంది. ఎండిందో లేదో తెలుసుకోవడానికి అడుగున్నర పాలిథిన్ షీటు స్లాబు మీద పరిచి, నాలుగు వైపులా టేపు వేసి సాయంత్రం వదిలేయండి. మర్నాడు పదిన్నర పదకొండుకి తీస్తే అడుగున నీటి బొట్లు గానీ, స్లాబు నల్లబడటం గానీ కనిపిస్తే ఇంకా ఆరలేదు.

వేళ కూడా ముఖ్యమే, దీన్ని పట్టించుకునేవాళ్ళు తక్కువ. పొద్దున్నే వేస్తే స్లాబు వేడెక్కుతూ తన రంధ్రాల్లోని గాలిని బయటికి తోస్తుంది. ఆ గాలి తడి పూతలోంచి బుడగలుగా వచ్చి సూదిమొన రంధ్రాలు మిగుల్చుతుంది. సాయంత్రం నాలుగు దాటాక స్లాబు చల్లబడుతూ గాలిని లోపలికి లాక్కుంటుంది, పూత కూడా లోపలికి దిగుతుంది. అందుకే ప్రైమరూ, మొదటి కోటూ సాయంత్రమే. ఏడాదిలో జనవరి నుంచి మార్చి దాకా ఈ పనికి మంచి కాలం. మృగశిర కార్తె రేపనగా మేస్త్రీ కోసం పరిగెత్తితే స్లాబూ ఆరదు, పూతా ఆరదు.

కారేది ఎక్కువగా మధ్యలో కాదు, అంచుల్లో. పిట్టగోడా స్లాబూ కలిసే మూలలో రెండంగుళాల మాలుతో గుండ్రంగా తిప్పి, పూతని గోడ మీదికి అడుగు ఎత్తు దాకా తీసుకెళ్ళాలి. లంబంగా ఉన్న మూలలో పూత పలచబడి అక్కడే చీలుతుంది. తూము మూతి లోపలికి కూడా పూత దిగాలి. పైపుల చుట్టూ గాడి తీసి సీలెంటు పెట్టాలి. ట్యాంకు కింద దిమ్మె ఉంటే దాన్ని కూడా పూతలో కలపాలి, దాని చుట్టూ తిప్పి వదిలేయకూడదు.

మన ఇళ్ళకే ప్రత్యేకమైన కారుడు ఇంకొకటుంది. పై అంతస్తు ఎప్పుడో వేద్దామని వదిలేసిన స్తంభాల ఊచలు. తుప్పు పట్టిన ఊచ వెంట నీళ్ళు నేరుగా స్తంభంలోకి దిగి, కింద గది మూల గోడని తడుపుతాయి. ఊచలకి తుప్పు గీకి సిమెంటు పాలు పూసి, చుట్టూ పలచటి కాంక్రీటు దిమ్మె కట్టి పూర్తిగా మూసేసి, పైన వాటంగా నున్న చేసి, దిమ్మె మీదుగా స్లాబు దాకా పూత వేయించండి. అంతస్తు వేసే రోజు వచ్చినప్పుడు పగలగొట్టుకోవచ్చు, ఊచలు కూడా పదిలంగా ఉంటాయి.

సోలార్ ప్యానెళ్ళు పెట్టించుకునేవాళ్ళు ఇప్పుడు ఎక్కువయ్యారు. ప్యానెళ్ళు బిగించాక వాటి కింద వంగి పూత వేయడం దాదాపు కుదరదు కాబట్టి వాటర్‌ప్రూఫింగ్ ముందు అయిపోవాలి. స్టాండు కాళ్ళని స్లాబులోకి డ్రిల్ చేసి బోల్టులు దింపడానికి ఒప్పుకోవద్దు. గాలి లెక్క ప్రకారం బరువున్న కాంక్రీటు దిమ్మెల మీద నిలబెట్టమనండి. పెళ్ళి షామియానా కోసం మేకులు దిగ్గొట్టేవాళ్ళకి కూడా ఇదే మాట, గుంజల్ని ఇసుక నింపిన డబ్బాల్లో పాతమనండి.

పని అయి, పూత డబ్బా మీద చెప్పినన్ని రోజులు ఆరాక, డబ్బు పూర్తిగా ఇచ్చేముందు నీళ్ళ పరీక్ష పెట్టండి. తూముల్ని గోనెసంచుల్లో మట్టి పెట్టి మూసి, వాటం పైచివర కూడా మునిగేలా నీళ్ళు కట్టాలి. తూము దగ్గర లోతు నాలుగంగుళాలు దాటుతుందనుకుంటే డాబాని మట్టి కట్టలతో భాగాలు చేసి విడివిడిగా పెట్టండి, ఎందుకంటే ప్రతి అంగుళం నీరు చదరపు మీటరుకి 25 కిలోలు. 48 గంటలు ఉంచాలి. నీటి మట్టం తగ్గితే "ఎండకి ఆవిరైంది" అంటారు. అది నిజమూ కావచ్చు, మే నెలలో రోజుకి సెంటీమీటరు దాకా ఆవిరవుతుంది. తేల్చడానికి ఒక వెడల్పాటి పళ్ళెం లాంటి బేసిన్ నిండా నీళ్ళు పోసి అదే డాబా మీద, అదే ఎండలో పెట్టి, రెండింటికీ మేకుతో గీత గీయండి. బేసిన్‌లో ఎంత తగ్గిందో డాబా మీదా దాదాపు అంతే తగ్గితే ఎండ పని. డాబా మీద బాగా ఎక్కువ తగ్గితే ఎక్కడో దారి ఉంది. కింద మరక ఇంకా రాలేదని సంతకం పెట్టేయకండి, కోబా తడిసి నీళ్ళు కిందికి దిగడానికి వారం పట్టొచ్చు.